మూడో పిలుపు పిలవని నూకన్న

అనగనగా అంటే ఎన్నాళ్ళ కిందటని నన్నడక్కండి. మా అమ్మమ్మకి వాళ్ళమ్మమ్మ చెప్పిందట. ఇష్టమైతే వినండి, లేదంటే లేచి పొండి.

ఒక ఊళ్ళో మూడు తగువుల చావళ్ళు ఉండేవి. తూర్పు చావడి మొగుడూ పెళ్ళాల గొడవలకి, పడమటి చావడి తిండిగింజల గొడవలకి. కొండమీద చావడి పిల్లలు ఎవరి దగ్గర ఉండాలో తేల్చడానికి. మూటికీ ముగ్గురు పెద్దలు. ఒకరి మాట ఒకరికి తెలీదు, తెలుసుకుంటే పరువు పోతుందని వాళ్ళ బాధ.

మూడింటికీ పిలుపరి మాత్రం ఒక్కడే, నూకన్న. గుమ్మంలో నిలబడి పేరు మూడుసార్లు పిలవడం వాడి పని. మూడో పిలుపుకి మనిషి రాకపోతే తగువు ఓడినట్టే. ఆ పిలుపు నూకన్న వంశం గొంతులోంచే రావాలి, ఇంకొకరు పిలిస్తే చెల్లదు. అంత గొంతున్నా వాణ్ణి ‘ఒరేయ్’ అని తప్ప ఎవరూ పిలిచేవారు కాదు.

ఆ ఊళ్ళో బంగారయ్య అని గుర్రమున్న ఆసామి. పెళ్ళాం పైడమ్మని ఇంట్లోంచి గెంటేసి, మూడు చావళ్ళలోనూ ఒకే పొద్దున తగువు పెట్టాడు. పాపం పైడమ్మకి గుర్రమా, బండా? చంకలో మూడేళ్ళ కూతురు. నడిచి చేరేలోగా మొదటి రెండు చావళ్ళలోనూ మూడో పిలుపు అయిపోయింది.

తూర్పు చావడిలో బంగారయ్య అన్నాడు, “నేను పొమ్మనలేదు. తనే అమ్మగారింటికి పోయింది.”

నూకన్న విన్నాడు.

పడమటి చావడిలో అన్నాడు, “వాళ్ళమ్మ ఇంట్లో గాదె నిండుగా ఉంది. నేనెందుకు గింజలు పెట్టాలి?”

నూకన్న విన్నాడు.

కొండమీద చావడిలో కళ్ళు ఒత్తుకుంటూ అన్నాడు, “ఆ పైడమ్మకి అమ్మా లేదు, ఇల్లూ లేదు. పిల్ల ఆకలికి చచ్చిపోతుంది. నాకిప్పించండి.”

నూకన్నకి ఒళ్ళు మండింది.

“పిలవరా,” అన్నాడు కొండ పెద్ద.

“పైడమ్మా!” ఒకటి. “పైడమ్మా!” రెండు. కింద పైడమ్మ పిల్లని ఎత్తుకుని మెట్లెక్కుతోంది. ఇంకా సగం దూరం ఉంది.

నూకన్న నోరు మూసుకున్నాడు.

“మూడోది పిలవరా.”

“నాను పిలవను బాబూ.”

“వచ్చేస్తుందిగా, ఆమె మాటా వింటాంలే.”

“తమరు ఈ ఒక్క ముక్కే ఇంటారు. మిగతా రెండు ముక్కలూ నా చెవిలో ఉన్నాయి. ముగ్గురు పెద్దలూ ఒక చాప మీద కూకోండి. అప్పుడు పిలుస్తాను.”

పిలుపరి పెద్దలకి చాప చూపించడమా! వీపుమీద బండ పెట్టి ఎండలో నిలబెట్టారు. మొదటి రోజు తూర్పు పెద్ద వచ్చాడు. “పిలుస్తావా?” “పిలవను.” రెండో రోజు పడమటి పెద్ద. “పిలుస్తావా?” “పిలవను.” ఈలోగా పిలిచేవాడు లేక ఊళ్ళో తగువులన్నీ తీరకుండా ఆగిపోయాయి. జనం గొణగడం మానేసి అరవడం మొదలెట్టారు. మూడో రోజు ముగ్గురూ మొహాలు మాడ్చుకుని వచ్చి ఒకే చాప మీద కూర్చున్నారు.

బండ కింద నుంచే నూకన్న పిలిచాడు. “పైడమ్మా!”

“ఉన్నాను,” అంది పైడమ్మ.

పెద్దలు ముగ్గురూ తాము విన్న ముక్కలు ఒకరికొకరు చెప్పుకున్నారు. తూర్పు పెద్ద బంగారయ్యని అడిగాడు, “నీ అత్తగారు ఉన్నట్టా, పోయినట్టా?” బంగారయ్య ఒకసారి తూర్పు పెద్దని చూశాడు, ఒకసారి కొండ పెద్దని చూశాడు. ఏ అబద్ధం ఎవరికి చెప్పాడో వాడికే గుర్తు లేదు.

“మా అమ్మ బతికే ఉంది. గాదె లేదు, గూడుంది. నన్ను గెంటిందీ ఈయనే,” అంది పైడమ్మ. పిల్ల తల్లి దగ్గరే ఉండాలన్నారు. గింజలు బంగారయ్య పెట్టాలన్నారు. ఓడిన రెండింటితో సహా ఒక్క పూటలో మూడూ తేలాయి.

నూకన్న నడుం మాత్రం మళ్ళీ తిన్నగా నిలవలేదు. వంగిపోయే బతికాడు, వంగిపోయే పోయాడు. తప్పయిందని ఒక్కనాడూ అనలేదు.

ఇప్పటికీ ఆ వైపు ఇంటి గొడవ తీర్చే ముందు పెద్దలు అడగాలి, “నూకన్న అడుగుతున్నాడు, ఈ ఇంటి తగువు ఇంకో గుమ్మంలో ఉందా?” ఉంటే అన్నీ ఒక చాప మీదికి రావాలి. పెద్దలు అడగడం మరిచారనుకోండి, గుమ్మం దగ్గర చెప్పులు కుట్టుకునేవాడైనా లేచి, “నాను పిలవను బాబూ,” అంటాడు. ఎంతటి పెద్దయినా అక్కడితో నోరు మూసుకోవాల్సిందే.