ఇనుప జాతరలో రహస్యం

రండర్రా, దగ్గరగా జరిగి కూర్చోండి.

కొండల నడుమ ఇనుపగిరిలో ఏటా కమ్మరుల జాతర. నల్లబట్టలు కట్టి, జుట్టు విరబోసుకుని ఇనుప పలకలు బాదుతుంటే చెవులు చిల్లులు పడేవి. కొత్వాలు భైరవయ్యకు అనుమానం. "ఈ మోత చాటున రాజుగారిమీద కుట్ర పన్నుతున్నారు. జాతర ఆపాల్సిందే!"

మజ్జిగ అమ్మే మాచమ్మ నవ్వింది. "కుట్రంటే గుసగుసలాడాలి కదా దొరా? ఈ మోతలో మీ భటుడికో రహస్యం చెప్పి చూడండి. వినబడితే జాతర మేమే ఆపేస్తాం."

కొత్వాలు భటుడి చెవిలో గొణిగాడు.

"ఆఁ?" అన్నాడు భటుడు.

మళ్ళీ చెప్పాడు. మళ్ళీ "ఆఁ?"

ఒళ్ళుమండి గొంతు చించుకున్నాడు. సరిగ్గా అప్పుడే మాచమ్మ వాయించేవాళ్ళకు చెయ్యి ఊపింది. మోత ఆగిపోయింది, అరుపొక్కటే మిగిలింది.

"జాతర ఆపించగానే ఈ ఇనుమంతా మా ఇంటికి తోలించరా!"

ఊరంతా విన్నది. భైరవయ్య మళ్ళీ జాతర ఊసెత్తలేదు.

కుట్ర ఎవరిదో తెలిసిందిగా? ఇక ఇళ్ళకెళ్ళి అన్నాలు తినండి.