భయాన్ని మోసుకొచ్చిన రాకుమారుడు

ఎప్పటి మాటో చెప్పడానికి అప్పటివాళ్ళెవరూ ఇప్పుడు లేరు గానీ, తామరకోటలో ఒక రాజుండేవాడు. పేరు కీర్తిచంద్రుడు. ఆయనకు ముగ్గురు కొడుకులు. పెద్దవాడు ధవళుడు, రెండోవాడు కేతనుడు, మూడోవాడు వల్లభుడు. పెద్దవాడికి కత్తంటే ఇష్టం. రెండోవాడికి గుర్రమంటే ఇష్టం. మూడోవాడికి అన్నీ ఇష్టమే గానీ, అన్నిటికీ భయమే. ఉరుముకు భయం, ఏనుగుకు భయం, చీకటి కొట్టుకు భయం. అందుకని కోటలో అందరూ వాణ్ణి పిరికి వల్లభుడనేవారు. నవ్వకండి. మీలో ఎవరికి దేనికి భయమో నాకు తెలీదనుకున్నారా?

తామరకోటకు ఎదురుగా, ఏటికి అవతల నీలగట్టు అని ఇంకో రాజ్యం ఉండేది. ఈ రెండు రాజ్యాలకూ ఏటి మధ్యనున్న లంక కోసం తగవు. ఆ లంకలో ఏముందంటారా? నాలుగు పుచ్చతీగలూ, బోలెడంత ఇసుకా. రాజుల తగవుకు అంతకంటే పెద్ద కారణం అక్కర్లేదు లెండి.

యుద్ధమంటే కుర్రాళ్ళు కావాలి. కుర్రాళ్ళకేమో భయం. ఏం చేయాలా అని రాజు తల పట్టుకుని కూర్చుంటే, కరాళుడనే మాంత్రికుడు వచ్చాడు.

"రాజా, మీసం మొలిచిన ప్రతి కుర్రవాడి భయాన్నీ పసుపుగుడ్డలో మూటకట్టి నాకిచ్చెయ్యి. ఏడు సముద్రాల అవతల నా తోటలో పదిలంగా దాస్తాను. యుద్ధం అయిపోయాక అడిగి పుచ్చుకోండి. ఎవరి మూట ముడి వాళ్ళు తమ చేత్తో విప్పుకుంటే, ఎవరి భయం వాళ్ళకు చేరిపోతుంది. వేరేవాళ్ళు విప్పితే దాని గొంతు వినిపిస్తుందంతే" అన్నాడు.

రాజు సరేనన్నాడు. ప్రతి కుర్రవాడూ పసుపుగుడ్డలోకి మూడుసార్లు ఊదాడు. ప్రతి తల్లీ ముడి వేసింది. మూట వెచ్చగా ఉండేది, చేతిలో కోడిపిల్లలా వణికేది. ధవళుడి మూట రాణి కట్టింది. కేతనుడి మూట కూడా రాణే కట్టింది. వల్లభుడికి అప్పటికింకా మీసం రాలేదు.

సైన్యం బయల్దేరిన రోజున ఏం జరిగిందో తెలుసా? రథాలు వెళ్ళే దారిలో ఒక ముసలి తాబేలు నడుస్తోంది. అది చితికిపోతుందేమోనని వల్లభుడికి గుండె దడదడలాడింది. రథాలకు అడ్డంపడి దాన్ని రెండు చేతులా ఎత్తి ఏట్లో వదిలాడు. మర్నాడు ధాన్యం కొట్టులో బోనులో పడ్డ ఎలుకను చూశాడు. దాని కళ్ళలో భయం చూసి తలుపు తీసేశాడు. పిరికివాడు ఇంకేం చేస్తాడని అందరూ నవ్వుకున్నారు.

యుద్ధం జరిగింది. తామరకోట గెలిచింది. వెళ్ళినవాళ్ళలో సగం మంది తిరిగి రాలేదు. వచ్చినవాళ్ళు ఏడవలేదు. లంక మన చేతికొచ్చిందన్న సంబరంలో రాజు మూటల సంగతే మరిచిపోయాడు. అడగాలనుకున్నా, భయంలేని సైన్యాన్ని చేతులారా ఎవరు వదులుకుంటారు?

కానీ ఇళ్ళల్లో సంగతి వేరేగా ఉంది. కుర్రాళ్ళు వరదలో ఏరు ఈదేవారు, కోటగోడ అంచున పడుకునేవారు. తల్లికి జ్వరమొస్తే పక్కన కూర్చునేవారు కాదు. ఏమవుతుందోనన్న బెంగ ఉంటే గదా కూర్చోవడానికి.

ఒకరోజు ధవళుడి కొడుకు, పాకే పిల్లాడు, పెరట్లో బావి గట్టు దాకా వెళ్ళిపోయాడు. ధవళుడు పక్కనే అరుగు మీద కూర్చుని చూస్తున్నాడు. వల్లభుడు ఎక్కణ్ణుంచో పరుగెత్తుకొచ్చి పిల్లాణ్ణి వాటేసుకున్నాడు. 

"అన్నయ్యా, బాబు పడిపోయేవాడు."

"అవును, పడేవాడే" అన్నాడు ధవళుడు, ఆకుకు సున్నం రాసుకుంటూ.

తలుపు వెనక వదిన నోట్లో కొంగు కుక్కుకుని ఏడుస్తోంది. ధవళుడు ఒకప్పుడు ఈ పిల్లాడు పుట్టిన రోజున సంతోషం పట్టలేక కోటంతా బెల్లం పంచినవాడు. భయాన్ని కడుతూ కడుతూ ఇంకేదో కూడా అదే గుడ్డలో కట్టేశారని వల్లభుడికి ఆ రోజు అర్థమైంది.

ఇంతలో వాడికీ మీసం మొలిచింది. నీలగట్టువాళ్ళు లంక కోసం మళ్ళీ వస్తున్నారని కబురు. కోతలయ్యాక యుద్ధమట. రాణి కొత్త పసుపుగుడ్డ తడిపి ఆరేసింది. ఆరేస్తూ ఒకటే కంటనీరు. ఇద్దరి భయమూ మూటల్లో పోగా, భయం మిగిలినవాడు వీడొక్కడే మరి. వల్లభుడు తల్లి దగ్గరికి వెళ్ళి ఆ గుడ్డ అడిగాడు.

"అమ్మా, కరాళుడు వచ్చేదాకా ఎందుకు? నా మూట నేనే తీసుకెళ్తాను. అన్నయ్యలవీ, అందరివీ అడిగి తెస్తాను."

"భయంగా లేదా నాయనా?"

"చాలా భయంగా ఉందమ్మా."

"అయితే వెళ్ళిరా" అంది రాణి. భయముంటే జాగ్రత్తగా ఉంటాడు, జాగ్రత్తగా ఉంటే తిరిగొస్తాడని ఆ తల్లి నమ్మకం.

వల్లభుడు గుడ్డను నడుముకు చుట్టుకుని బయల్దేరాడు. ఊరు దాటాక చూస్తే, సంచిలో ఎలుక కూర్చుని అటుకులు తింటోంది. "నేనూ వస్తాను, నీకు తోడు" అంది. సముద్రపు ఒడ్డుకు చేరేసరికి ముసలి తాబేలు ఎదురుచూస్తోంది.

"ఎక్కు నాయనా. పోయినేడు ఒక పిల్లను కూడా ఇలాగే తీసుకెళ్ళాను. ఆ పిల్ల ఇంకా తిరిగి రాలేదు" అంది తాబేలు.

ఒక సముద్రం దాటారు, అందులో నీళ్ళు ఉప్పన. ఇంకో సముద్రం దాటారు, అందులో నీళ్ళు తియ్యన. ఇలా దాటుతూ దాటుతూ ఏడో సముద్రం కూడా దాటి ఒక దీవి చేరారు. ఆ దీవిలో దారికి రెండు పక్కలా రాతిబొమ్మలు, అందరూ కత్తి దూసిన వీరులే. అక్కడ మొదటి వాకిట్లో సింహం కూర్చునుంది. దాన్ని చూడగానే వల్లభుడు దూరంగానే ఆగి చేతులు జోడించాడు.

"అయ్యా, నాకు నిన్ను చూస్తే భయంగా ఉంది. పక్కనుంచి వెళ్ళనిస్తావా?" అన్నాడు.

సింహం తల పైకెత్తి చూసి పెద్ద నిట్టూర్పు విడిచింది. "ఎన్నాళ్ళకు వచ్చావయ్యా, నన్ను చూసి భయపడేవాడు. వచ్చినవాడల్లా నన్ను పిల్లిని చూసినట్టు చూసి కత్తి దూశాడు. దూసినవాణ్ణి దూసినట్టే రాయి చేశాను. నువ్వు వెళ్ళు బాబూ" అంది.

రెండో వాకిట్లో లోయ మీద చెక్కవంతెన. ధైర్యవంతులెవరూ చెక్కలు చూసుకోలేదు, దబదబ నడిచి కిందపడి రాళ్ళయ్యారు. వల్లభుడు ఎలుకను ముందు నడవమన్నాడు. ఎలుక వాసన చూసి పుచ్చిన చెక్కేదో చెబుతుంటే, గట్టి చెక్క మీదే కాలు వేస్తూ దాటాడు.

మూడో వాకిలి దాటితే తోట. ఆ తోటలో చెట్లకు కాయల్లేవు, పసుపు మూటలు వేలాడుతున్నాయి. తామరకోట మూటలూ, నీలగట్టు మూటలూ ఒకే కొమ్మకు. అంటే ఆ కరాళుడు ఇద్దరు రాజులకూ ఒకే మాట చెప్పాడన్నమాట. తోట నడుమ బంగారు గొలుసుతో కట్టిన చిలక, దాని పక్కన ఒక అమ్మాయి.

"నా పేరు కమలిక. నీలగట్టు రాజు కూతుర్ని" అంది ఆ అమ్మాయి. "మా అన్న మూట తీసుకెళ్దామని వచ్చి కరాళుడికి దొరికిపోయాను. అతని ప్రాణం ఈ చిలకలో ఉంది. దీనికి చలి. ఈ మూటల వెచ్చదనంతో బతుకుతోంది. ఎప్పటికప్పుడు కొత్త మూటలు తెచ్చి దీని చుట్టూ కట్టడమే నా పని. మూటలు రావాలంటే యుద్ధాలు జరుగుతుండాలి."

"మరి మీ అన్న?"

"మీవాళ్ళతో యుద్ధంలో పోయాడు."

 వల్లభుడు వెళ్ళి ఆమె పక్కన కూర్చున్నాడు.

"దీని మెడ నులిమితే కరాళుడు చస్తాడు. ఎన్నోసార్లు చెయ్యి వేశాను. నా వల్ల కాలేదు" అంది కమలిక.

వల్లభుడు చిలకను చేతిలోకి తీసుకున్నాడు. దాని గుండె టకటక కొట్టుకుంటోంది. ఆ దడ వాడికి కొత్తది కాదు. చిన్నప్పట్నుంచీ తన గుండెలో విన్నదే.

"నీకు ఎందుకమ్మా ఇంత భయం?" అని అడిగాడు.

చిలక కళ్ళు చెమర్చాయి. "నన్నీ మాట ఎవరూ అడగలేదు. నేను కరాళుడి భయాన్నే నాయనా. చిన్నతనంలో అతనూ ఒక యుద్ధానికి వెళ్ళాడు. వెళ్ళేముందు తన భయాన్నంతా మంత్రం వేసి నాలో పెట్టాడు. ప్రాణం కూడా దాని వెంటే వచ్చేసింది. తర్వాత తీసుకోనే లేదు. అప్పట్నుంచీ అతని భయాన్ని నేను మోస్తున్నాను. నేను చిన్న పక్షిని, మోయలేకపోతున్నాను."

వల్లభుడు నడుముకున్న పసుపుగుడ్డ విప్పాడు. "నిన్ను నీ ఇంటికి చేరుస్తాను. కాసేపు ఇందులో కూర్చుంటావా?" అన్నాడు. ఎలుక గొలుసును పటపట కొరికేసింది. చిలక గుడ్డలోకి దూరింది. కమలిక తల్లుల్లాగే ముడి వేసింది.

అంతలో కరాళుడు రానే వచ్చాడు, కనుబొమలు నెత్తికెక్కించుకుని.

"ఎవడ్రా నువ్వు?"

"తామరకోట మూడో రాకుమారుణ్ణి తాతా. నాకు మీసం మొలిచింది. నా మూట నేనే తెచ్చాను."

కరాళుడు మూట అందుకుని చేత్తో తూచి చూశాడు. బరువుగా ఉంది, వెచ్చగా ఉంది, తెగ కొట్టుకుంటోంది. "ఒక్కడికి ఇంత భయం ఉండదే. ఇందులో ఏం పెట్టి తెచ్చావు?" అన్నాడు.

"అనుమానమైతే విప్పి చూసుకో తాతా" అన్నాడు వల్లభుడు. మోకాళ్ళు ఒకటే వణుకు. ఆ వణుకు చూసి నిజంగానే పిరికివాడనుకుని కరాళుడు ముడి విప్పాడు.

తన మూట తన చేత్తోనే విప్పుకున్నాడు. చిలక ఎగిరి అతని గుండెల మీద వాలి, మంచు కరిగినట్టు లోపలికి కలిసిపోయింది. కరాళుడు కూలబడ్డాడు. మంత్రదండం జారిపోయింది. అక్కడ మాంత్రికుడు లేడు, ఒక ముసలాయన ఉన్నాడు. దారిలో రాళ్ళయినవాళ్ళంతా మనుషులై ఒళ్ళు దులుపుకుంటూ లేచారు.

"నన్ను చంపేస్తారా?" అన్నాడు ముసలాయన చిన్నపిల్లాడిలా.

కమలిక దొన్నెలో నీళ్ళిచ్చింది. వల్లభుడు, "లేదు తాతా. లేచి ఈ మూటలు కోయడానికి కాస్త సాయం పట్టు" అన్నాడు.

తాబేలు తన బంధువులందరినీ పిలుచుకొచ్చింది. వాటి వీపుల మీద మూటలేసుకుని ఏడు సముద్రాలూ దాటి వచ్చేసరికి, ఏటికి రెండు గట్ల మీదా సైన్యాలు నిలబడి ఉన్నాయి. నగారా మోగడమే తరువాయి. వల్లభుడు ఈ గట్టు తల్లులను పిలిచాడు. కమలిక ఆ గట్టు తల్లులను పిలిచింది. ఎవరు కట్టిన ముడి వాళ్ళకు తెలీదూ? ఎవరి మూట వాళ్ళు తీసుకుని కొడుకుల దగ్గరికి వెళ్ళారు.

"విప్పు నాయనా" అంది రాణి ధవళుడితో.

"విప్పితే ఏమవుతుంది?"

"విప్పి చూడు."

భయం లేనివాడు గదా, విప్పడానికీ భయపడలేదు. విప్పాడు. మరుక్షణం చేతిలో కత్తి కింద పడింది. ధవళుడు చుట్టూ చూసి, "అమ్మా, బాబు ఎక్కడ? బావి దగ్గర ఎవరున్నారు?" అని అడిగి, సమాధానం వినకుండానే ఇంటికి పరుగు తీశాడు. కేతనుడు గుర్రం మెడ పట్టుకుని ఏడ్చాడు. యుద్ధంలో పోయిన స్నేహితుల కోసం అప్పుడు వచ్చింది వాడికి ఏడుపు. రెండు గట్ల మీదా అంతే. ఒకరినొకరు చూసుకుని, ఎవరి ఇంటికి వాళ్ళు వెళ్ళిపోయారు. లంకలో మళ్ళీ పుచ్చతీగలే మిగిలాయి.

కానీ మూటలు ఇంకా ఉన్నాయి. తిరిగి రానివాళ్ళవి. వాటిని తల్లులకు రాజుగారే స్వయంగా ఇవ్వాలంది రాణి. ఇచ్చాడు. తల్లులు ముడి విప్పితే ఆ పిల్లల గొంతులు వినిపించాయి. ఒక మూట, "నేను లేకపోతే అమ్మకు కట్టెలెవరు కొడతారో" అంది. ఒక మూట, "ఎర్రావు ఈనేనాటికి ఉంటానో ఉండనో" అంది. ఒక మూట అమ్మా అని మాత్రం అంది. కీర్తిచంద్రుడు చివరి మూట దాకా కూర్చుని విన్నాడు.

"నేను మూట కట్టి ఎవరికీ ఇవ్వలేదే. మరి యుద్ధమంటే నాకెందుకు భయం వేయలేదు?" అని రాణిని అడిగాడు.

"వెళ్ళింది మీరు కాదు గనక" అంది రాణి.

ఆ సాయంత్రమే రాజు లంకను రెండు ఊళ్ళ పిల్లలకూ పుచ్చకాయలు తినడానికి వదిలేశాడు. కిరీటం తీసి ధవళుడికివ్వబోతే, వాడు వద్దన్నాడు. "రాజ్యం వల్లభుడికివ్వండి నాన్నగారూ. వాడికి భయం ఎప్పుడూ పోలేదు" అన్నాడు. వల్లభుడు జుట్టు నెరిసేదాకా రాజ్యం చేశాడు. ఆ రాజ్యంలో మళ్ళీ ఎవరూ పసుపుగుడ్డలో మూట కట్టలేదు. అదంతా తర్వాతి మాట. పెళ్ళినాటి మాట ఒకటి మిగిలింది.

వల్లభుడికీ కమలికకూ పెళ్ళి నిశ్చయమైంది. కమలిక తన అన్న మూటను అప్పటిదాకా విప్పలేదు. ఏరు దాటి ఈ గట్టున పల్లకీ ఎక్కబోతూ, అందరి ముందూ విప్పింది. "చెల్లి పల్లకీ వెంట నడవడానికి నేనుంటానో ఉండనో" అంది ఆ గొంతు. కమలిక ఏడ్చింది. బోయీలు పల్లకీ ఎత్తకుండా నిలబడిపోయారు.

అప్పుడు ధవళుడు కొడుకును చంకనేసుకుని వచ్చి ఆమె ముందు నిలబడ్డాడు. "మీ అన్నను చంపింది నా కత్తో కాదో నాకు తెలీదమ్మా. ఆ రోజు ఎవరి ముఖమూ నేను చూడలేదు. నీకు ఇష్టమైతే, ఆయన బదులు నీ పల్లకీ వెంట నేను నడుస్తాను" అన్నాడు.

కమలిక ఆయన ముఖంలోకి చూసింది. ఆయన కొడుకును ఇంకాస్త దగ్గరికి పొదువుకున్నాడు. "నడవండి" అంది.

పల్లకీ లేచింది. ధవళుడు దాని పక్కనే, ఒక చేత్తో కొడుకునూ ఒక చేత్తో పల్లకీ కొమ్మునూ పట్టుకుని, దారిలో రాళ్ళున్నాయేమో చూసుకుంటూ, అడుగు తీసి అడుగు వేస్తూ తామరకోట దాకా నడిచాడు.