కొండను పోగొట్టిన ఓబులమ్మ

అనగనగా అని నేనంటే ఊఁ అని నువ్వు అనాలి నాన్నా. నువ్వు ఆగితే కథా ఆగిపోతుంది. అనగనగా ఒక ఊళ్ళో ఓబులమ్మ అని ఒక మనిషి ఉండేది.

ఆ ఊరికి ఉత్తరాన ఏనుగుబండ అని ఒక కొండ. కొండకూ ఊరికీ నడుమ నల్లరేగడి నేల. ఊళ్ళో ఉన్న ఇరవై ఎనిమిది ఇళ్ళవాళ్ళ జొన్నచేలు అక్కడే, గట్టుకు గట్టు ఆనుకుని ఉండేవి. అన్ని చేలకూ కలిపి ఒకటే మంచె. మంచె అంటే ఏమిటో తెలుసా? నాలుగు పొడుగాటి గుంజలు పాతి, పైన కర్రలు పరిచి, నీడకు ఇంత గడ్డి కప్పిన అటక. దాని మీద కూర్చుని పిట్టలను తోలడం ఓబులమ్మ పని.

జొన్నకంకి పాలుపోసుకున్న రోజు నుంచి కోత దాకా ఆమె మంచె వదిలి ఊళ్ళోకి వచ్చేది కాదు. ఎర్రచీర కట్టుకుని, వడిసెలలో రాయి పెట్టి గిరగిరా తిప్పి వదిలేది. గొంతెత్తి హోయ్ అని కేక వేసేది. ఇంటికొకరు వంతుపెట్టుకుని ఆమెకు సంగటి తెచ్చేవాళ్ళు. అలా ఇరవై రెండేళ్ళు గడిచాయి.

ఓబులమ్మ కళ్ళంటే ఊళ్ళో పేరు. ఏనుగుబండ మీద మేకలు మేస్తుంటే మంచె మీది నుంచే లెక్కపెట్టేది. "మద్దిలేటమ్మా, నీ మందలో ఒకటి తక్కువ" అని ఇక్కణ్ణించే కేకేసి చెప్పేది. మద్దిలేటమ్మ వెతికితే నిజంగానే ఒకటి తక్కువ ఉండేది.

అప్పుడు ఒకరోజు ఆ దారిన ఒక పండితుడు వచ్చాడు. పక్క ఊళ్ళో వాదానికి వెళ్ళి, ఓడిపోయి, తన వాదన తనకే మళ్ళీ చెప్పుకుంటూ నడుస్తున్నాడు. మంచె నీడన ఆగాడు.

"ఏం చేస్తున్నావమ్మా అక్కడ?"

"చేను చూస్తాండా సామీ."

"చూస్తున్నావు కాబట్టి చేను ఉంది. చూసేవాళ్ళు లేకపోతే చేను లేదు" అన్నాడు పండితుడు.

ఓబులమ్మ నవ్వింది. "ఈ మాటకు చదువెందుకు సామీ? మా ఊళ్ళో పాలు తాగే పిల్లనడిగినా చెబుతుంది. చూసేవాళ్ళు లేకపోతే రెండు పొద్దుల్లో పిట్టలు ఊడ్చుకుపోతాయి."

"పిట్టల మాట కాదమ్మా. చూసేవాళ్ళు లేకపోతే పిట్టలూ లేవు. అదుగో ఆ కొండ. అది నీ చూపులో ఉంది. నీ చూపు తీసేస్తే ఎక్కడ ఉంటుంది?"

"యాడుంటాది? ఆడనే ఉంటాది."

"అక్కడే ఉందని, చూడకుండా నీకెట్లా తెలుస్తుంది?"

ఓబులమ్మ మంచె దిగి, నాలుగు పచ్చి కంకులు కాల్చి, నలిపి, దోసెడు ఊచబియ్యం ఆయన ఉత్తరీయంలో పోసింది. ఆయన ఇంత నోట్లో వేసుకుని కళ్ళు మూసుకున్నాడు.

"ఎంత రుచిగా ఉంది. నేను తినకముందు ఈ రుచి ఎక్కడుందంటావు?"

"కంకిలో" అంది ఓబులమ్మ.

ఆయన తలూపి, మిగతావి మూటకట్టుకుని వెళ్ళిపోయాడు. ఆయన వెళ్ళాడు గాని, ఆ మాట మంచె మీదే ఉండిపోయింది.

ఆ తర్వాత ఎనిమిదో రోజున తెల్లవారుజామున ఓబులమ్మకు చిన్న కునుకు పట్టింది. లేచి చూస్తే ఏనుగుబండ లేదు. అది ఉండాల్సిన చోట బియ్యం కడిగిన నీళ్ళలాగా తెల్లగా ఉంది. మంచులే, పొద్దెక్కితే విడుతుంది అనుకుంది. పొద్దు నడినెత్తికి వచ్చింది. కొండ రాలేదు.

నేను కళ్ళు మూశాను, కొండ పోయింది అనుకుంది ఓబులమ్మ.

ఆ తర్వాత ఇంకో నాలుగు రోజులకు నీళ్ళు తాగుదామని ముంత ఎత్తింది. ముంత దించేసరికి దూరపు గట్టు మీది చింతచెట్లు లేవు. మూడు చెట్లు, మూడూ పోయాయి.

ఆ తర్వాత పిట్టలు పోయాయి. రెక్కల చప్పుడు వినిపిస్తుంది, చిలకల గోల వినిపిస్తుంది, పిట్ట మాత్రం కనబడదు.

నీకు అర్థమైపోయింది కదూ నాన్నా? ఓబులమ్మకు అర్థం కాలేదు. అంత మంచి కళ్ళున్నవాళ్ళకు కళ్ళ మీద అనుమానం రాదు. కొండ మీదే వస్తుంది.

అప్పుడు ఆమె కళ్ళు మూయడం మానేసింది. నిద్ర వస్తే రెప్పలను వేళ్ళతో పట్టుకుని కూర్చుంది. నీళ్ళు కారి కళ్ళు ఇంకా మసకబారాయి. అయినా కేక మానలేదు. చప్పుడు ఎటు వినబడితే అటు వడిసెల తిప్పింది. ఇరవై రెండేళ్ళ చెయ్యి కదా, దానంతట అదే తిరిగేది.

సంగటి వంతు మద్దిలేటమ్మది వచ్చింది. కుండ పైకి అందిస్తూ ఆమె ఓబులమ్మ ముఖం చూసింది.

"అత్తా, కండ్లేంది చింతనిప్పుల్లా ఉండాయి?"

"పొగ తగిలిందిలే."

"ఈడ పొయ్యి యాడుండాది?"

"నీ ఇంట్లో. సంగటి మాడ్చినావు, ఆ పొగ" అంది ఓబులమ్మ. మద్దిలేటమ్మ నవ్వి వెళ్ళిపోయింది. ఓబులమ్మకు మాత్రం నవ్వు రాలేదు. ఎందుకంటే ఆ పొద్దుటి నుంచి మంచె పక్కనున్న కంకులు కూడా కరిగిపోవడం మొదలుపెట్టాయి. చెట్లు పోతే పోయాయి, చేను పోతే ఎలా? ఇరవై ఎనిమిది ఇళ్ళలో ఏడాదంతా పొయ్యి వెలగదు. అదీ తన రెప్పపాటు వల్ల.

అప్పుడు ఓబులమ్మ మంచె దిగింది. పంట చేలో ఉండగా పట్టపగలు మంచె వదిలి ఊళ్ళోకి పోవడం అదే మొదటిసారి. దారి కాళ్ళకు తెలుసు కాబట్టి తిన్నగా ఊరి పెద్ద నారపరెడ్డి ఇంటికి వెళ్ళింది. అతను వసారాలో కూర్చుని పగ్గం పేనుతున్నాడు. పక్కన బండి తోలే కంబగిరి, మజ్జిగ కోసం వచ్చిన మద్దిలేటమ్మ ఉన్నారు.

"రెడ్డీ, నన్ను మంచె పని నుంచి తీసెయ్యి" అంది ఓబులమ్మ.

"ఏమైంది ఓబులక్కా?"

"కొండను పోగొట్టినాను."

పగ్గం పేనే చెయ్యి ఆగింది. "ఏ కొండను?"

"మనకెన్ని కొండలుండాయి రెడ్డీ? ఏనుగుబండను. చింతచెట్లూ పోయినాయి. ఇప్పుడు చేను పోతా ఉంది."

కంబగిరికి నవ్వు ఆగలేదు. "అక్కా, నేను ఇప్పుడే కొండ పక్క నుంచి బండి తోలుకొస్తి. అప్పటికి ఉన్నింది. దాన్ని ఎత్తుకుపోయే మొనగాడు మన తాలూకాలో లేడులే."

"నువ్వు చూసినావు కాబట్టి ఉన్నింది" అంది ఓబులమ్మ. ఆమె నవ్వలేదు.

నారపరెడ్డి కూడా నవ్వలేదు. లేచి వచ్చి ఆమె ముందు నిలబడి చెయ్యి ఎత్తాడు. "అక్కా, ఇవి ఎన్ని వేళ్ళు?"

"చెయ్యి చూపించి అడుగు రెడ్డీ."

చెయ్యి ఆమె ముఖానికి మూరెడు దూరంలో ఉంది. నారపరెడ్డి చెయ్యి దించాడు.

"కనబడక ఎన్నాళ్ళయింది?" అని మెల్లగా అడిగాడు.

"కనబడకపోవడమేంది? అవి పోయి నెల దాటింది" అంది ఓబులమ్మ. అని, తన మాట తనే విన్నది. మెల్లగా చెయ్యి ఎత్తి తన కళ్ళను తడుముకుంది.

నిజం చెప్పాలంటే నాన్నా, వాళ్ళందరికీ ముందు గుర్తొచ్చింది ఆమె కళ్ళు కాదు, జొన్నలు. నెల రోజులుగా చేను ఎవరూ చూడలేదు. నారపరెడ్డి తూర్పుచేలకు పరుగెత్తాడు. కంబగిరి పడమటిచేలకు పరుగెత్తాడు. మద్దిలేటమ్మ మాత్రం ఓబులమ్మ చెయ్యి పట్టుకుని కొండవైపు చేలకు నడిచింది. అక్కడ ఆమెను గట్టు మీద కూర్చోబెట్టి చేలోకి దిగింది.

ఓబులమ్మ గట్టు మీద కూర్చుని ఎదురుచూసింది. ఇంతకాలం తిన్న ఇరవై ఎనిమిది ఇళ్ళ సంగటీ ఆ కాసేపట్లో గుర్తొచ్చింది.

అప్పుడు నారపరెడ్డి వచ్చి, తూర్పున కంకులు నిండుగా ఉన్నాయన్నాడు. మద్దిలేటమ్మ వచ్చి, కొండవైపు కూడా నిండుగా ఉన్నాయంది. ఓబులమ్మ నమ్మలేదు. "ముసలిదాన్ని ఊరడించబాకండి" అంది. మద్దిలేటమ్మ ఒక కంకి తుంచి ఆమె చేతిలో పెట్టింది. గట్టి గింజలు, వేలు దూరే సందు లేకుండా ఉన్నాయి.

కంబగిరి ఆఖరున వచ్చాడు. "పడమట ఒక మూల పిట్టలు తిన్నాయి. పది కంకులుంటాయి. తిన్నది ఇప్పుడే, పొట్టు ఇంకా ఆరలేదు. నేను పోయేసరికి చిలకలు ఇంకా ఉన్నాయి."

"ఇప్పుడా? నెలంతా ఊరుకుని ఇప్పుడు వచ్చినాయా?" అన్నాడు నారపరెడ్డి.

మద్దిలేటమ్మ ఖాళీ మంచె వైపు చూసింది. ఆమెకు ఏదో తట్టింది. "అత్తా, ఒకసారి మంచె ఎక్కు" అంది.

ఓబులమ్మ ఎక్కింది. ఎప్పటిలాగే నిలబడింది. కాసేపటికి కొండవైపు నుంచి చిలకల గుంపు వచ్చింది. చేను మీదికి దిగబోయింది. మంచె మీద ఎర్రచీర చూసింది. గాలిలోనే ఒక్కసారి మళ్ళి వెనక్కు వెళ్ళిపోయింది.

"అత్తా, ఇప్పుడు చిలకలు వచ్చి పోయినాయి. నువ్వు చూసినావా?"

"లేదే."

"అవి నిన్ను చూసినాయి."

ఓబులమ్మ నెలంతా తన చూపుతో చేనును పట్టుకుని వేలాడుతున్నాననుకుంది. చేను నిలిచింది తన చూపు వల్ల కాదు. తను కనబడుతున్నందుకు.

"అయితే ఒక బొమ్మను నిలబెట్టండి. దానికి సంగటి గూడా అక్కరలేదు" అంది చివరికి.

"మా నాయన పెట్టినాడులే ఒక ఏడు" అన్నాడు నారపరెడ్డి. "పిట్టలు మొదటి రోజు భయపడినాయి. రెండో రోజు దాని నెత్తిన కూర్చుని తిన్నాయి. బొమ్మ కేక వెయ్యదు గదా."

కంబగిరి గొంతు సవరించుకున్నాడు. "పిట్టలే కాదు అక్కా. సంత నుంచి వచ్చేటప్పుడు మలుపు తిరిగి నీ ఎర్రచీర కనబడితే నా ఎద్దులు నడక పెంచుతాయి. నేను అదిలించే పని లేదు."

మద్దిలేటమ్మ అంది, "నీళ్ళకు పోయేటప్పుడు నేనూ చూస్తా. నువ్వు పైన ఉంటే తెల్లారినట్టు."

ఓబులమ్మ ముఖం పక్కకు తిప్పుకుంది. ఇరవై రెండేళ్ళు ఊరిని చూశాననుకుందే గాని, ఊరు తనను చూస్తోందని ఆమెకు తెలియదు.

ఆ తర్వాత మద్దిలేటమ్మ ఆమెను ఏనుగుబండ దగ్గరికి తీసుకెళ్ళింది. కంబగిరి భార్య మంచె ఎక్కి కాపలా కూర్చుంది. ఓబులమ్మ రెండు చేతులూ కొండకు ఆనించింది. నెలగా తన చూపు పడని రాయి చల్లగా ఉంటుందనుకుంది. రాయి వెచ్చగా ఉంది. పొద్దుట నుంచి ఎండ దాన్ని చూసుకుంటూనే ఉంది.

"సామి చెప్పింది నిజమే కావచ్చు మద్దిలేటీ" అంది. "చూసేవాళ్ళు ఉంటేనే ఉంటాదేమో. కానీ ఆ చూసేది నేనొక్కదాన్నే అనుకున్నా చూడు, అదే తప్పు." అని, కొండకు వీపు ఆనించి, నెల రోజుల తర్వాత మొదటిసారి కళ్ళు మూసుకుంది. పొద్దు వాలే దాకా నిద్రపోయింది. మద్దిలేటమ్మ లేపలేదు. పక్కనే కూర్చుంది.

ఆ తర్వాత కోతలు వచ్చాయి. జొన్న ఇళ్ళకు చేరే ముందు ఓబులమ్మ నారపరెడ్డిని ఒకటి అడిగింది. మంచె చుట్టూ నాలుగు సాళ్ళు కొయ్యకుండా వదిలెయ్యమంది.

"ఎవరికి?"

"పిట్టలకు."

"ఇరవై రెండేండ్లు రాళ్ళు వేసి తోలినావు, ఇప్పుడు పిలిచి వడ్డిస్తావా?"

"నెల రోజులు నేను వాటిని చూడలేదు. అయినా అవి నన్ను చూసి మర్యాదగా పోయినాయి. రాయి గూడా ఎటో వేసినాను. తినకుండా పోయినాయి గదా రెడ్డీ. ఇప్పుడన్నా తిననీ."

నారపరెడ్డి సరే అన్నాడు. చేలన్నీ కోశారు, ఆ నాలుగు సాళ్ళు మిగిలాయి. ఓబులమ్మ మంచె ఎక్కి, వడిసెల చుట్టి నడుముకు దోపుకుని, ఆ విందు చెవులారా విందామని కూర్చుంది. కేక వెయ్యలేదు. గంట గడిచింది. ఒక్క పిట్ట వాలలేదు.

గట్టు వెంట రాలిన పరిగె కంకులు ఏరుకుంటున్న మద్దిలేటమ్మ అంది, "అత్తా, కొండ మీది నుంచి మూడుసార్లు వచ్చి మళ్ళిపోయినాయి. నువ్వు పైన ఉంటే ఎట్ల వస్తాయి?"

ఓబులమ్మ నవ్వింది. అవును కదా అనుకుంది. అప్పుడు నిదానంగా మంచె దిగింది. పిట్టలకు బాగా కనబడేటట్టు చేను నడిమధ్యగా, ఎర్రచీర కొంగు నిండుగా కప్పుకుని, ఊరివైపు నడిచింది. గట్టు దాటింది. దాటగానే వెనక రెక్కల చప్పుడు మొదలైంది. ఒకటి, రెండు, ఆ తర్వాత లెక్క అందలేదు.

ఆమె వెనక్కు తిరిగి చూడలేదు. తింటున్నాయని తెలుసు. నడుస్తూనే వాటికి రెండు చేతులూ జోడించి, ఇంటికి వెళ్ళి, తలుపు దగ్గరగా వేసి, చాప పరుచుకుని పడుకుంది.

కథ చేరింది కంచికి,
పిట్ట చేరింది గూటికి,
కొండ చేరె చోటికి,
కునుకు వచ్చె కంటికి,
నువ్వూ నేనూ ఇంటికి.