ఈదమ్మ గుంట

అనగనగా అంటే నిన్నా మొన్నా కాదు. మన తాతలకు తాతలు మేకలు కాసిన రోజుల్లో ఒక కొండ. కొండకొక ఊట. ఊట పక్కన మేకలు కాసుకునే ఈదమ్మ.

ఆ కొండవాళ్ళకు రెండు కట్టుబాట్లు. ఊట పేరు బయటివాళ్ళకు చెప్పకూడదు. మూడుసార్లు అడిగినవాడికి లేదనకూడదు. ఈ రెండూ ఒకనాడు ఢీకొంటాయని ఎవరనుకున్నారు?

నడి ఎండల్లో ఒక కవి దారి తప్పి వచ్చాడు. పెదవులు పగిలి ఉన్నాయి. ఈదమ్మ ఆకుదొప్పతో నీళ్ళు పోసింది. తాగాడు. మళ్ళీ తాగాడు. మళ్ళీ తాగాడు.

"ఈ ఊట పేరేమిటమ్మా?"

"దప్పి తీరిందిగా సామీ, పేరెందుకు?"

"చెప్పు తల్లీ."

"నా మేకల పేర్లడుగు, చెబుతా. ఇదిగో, ఈ బొల్లిది వట్టి గయ్యాళి."

కవి నవ్వలేదు. చేతులు జోడించాడు. "పోయే ప్రాణం నిలిపింది. పేరు తెలియకపోతే దేన్ని తలుచుకోను?"

మూడోసారి. ఈదమ్మ చెప్పింది.

కవి కావ్యం రాశాడు. కొండను రాశాడు, మోదుగుపూలను రాశాడు, ఊటను పేరుతో సహా రాశాడు. ఈదమ్మను రాయలేదు.

రాజు ఆ కావ్యం విన్నాడు. ఆ నీళ్ళలో జలకాలాడాలన్నాడు. ఏనుగులొచ్చాయి, గుర్రాలొచ్చాయి, పల్లకీలొచ్చాయి. తీరా చూస్తే ఊట దోసెడంత. కావ్యంలో ఏరంత ఉంది మరి! రాజుకు మండింది. "బండ పగలగొట్టండి, నీళ్ళు పెరుగుతాయి" అన్నాడు. పగలగొట్టారు. ఉన్న నీళ్ళు కాస్తా పాతాళానికి జారిపోయాయి. రాజు విసుక్కుని వెళ్ళిపోయాడు. ఆయనకేం, ఇంటి నిండా నీళ్ళే!

మేకలు చచ్చాయి. బొల్లిదీ చచ్చింది. కొండవాళ్ళు మూటలు కట్టారు.

"రావే ఈదీ" అంది తోడికోడలు.

"నోరు జారింది నేను. ఏ మొహంతో రానే?"

"మూడుసార్లు అడిగితే ఎవరైనా చెప్పేవాళ్ళేనే, పిచ్చిదానా!"

ఈదమ్మ కదల్లేదు. గునపంతో తవ్వింది. అది విరిగితే కర్రతో తవ్వింది. అదీ విరిగితే గోళ్ళతో తవ్వింది. చుక్క రాలేదు. తవ్విన గుంటలోనే ప్రాణం విడిచింది.

ఇప్పటికీ ఆ దారిన పోయేవాళ్ళు తమ గొంతు ఎండుతున్నా సరే, గుంటలో దోసెడు నీళ్ళు పోసి "తాగు ఈదమ్మా" అంటారు. కావ్యం చదివినవాళ్ళు వెతుక్కుంటూ వచ్చి ఆ ఊట ఎక్కడని అడుగుతారు. మూడుసార్లు అడిగినా ఎవరూ చెప్పరు.

కావ్యంలో ఆ నీళ్ళు ఇంకా పారుతున్నాయట. ఇక్కడ మాత్రం, పోసినవి పోసినట్టే ఇంకిపోతాయి.