వడ్డీ కింద పోయిన ఇల్లు

దేవుడు తెలివి పంచుకుంటూ వీధి వెంట వస్తున్నాడట. అనకాపల్లిలో గానుగల వీధి దాకా వచ్చేసరికి చెయ్యి నొప్పిపుట్టి, గంపలో మిగిలిందంతా నూకరాజు ఇంట్లో దింపేసి వెళ్ళిపోయాడట. ఈ సంగతి ఊళ్ళో ఇంకెవరికీ తెలియదు, నూకరాజు ఇంటివాళ్ళకి మాత్రం బాగా తెలుసు. అందరికంటే గట్టిగా తెలిసింది వరహాలమ్మకి.

ఆ ఇంట్లో ముగ్గురే మనుషులు. బెల్లం మార్కెట్లో కాటా వేసే నూకరాజు, అతని పెళ్ళాం వరహాలమ్మ, పెళ్ళి కాకుండానే నలభై దాటిన ఆమె తమ్ముడు దేముడు. ఎవరేం చెప్పినా చెప్పింది చెప్పినట్టు చేస్తారు, అక్షరం పొల్లుపోనివ్వరు. వరహాలమ్మ గొప్పగా చెప్పుకునేది అదే. మొన్నటికి మొన్న ఎదురింటి సుభద్రమ్మ పేరంటానికి వెళ్తూ, వానొస్తే బట్టలు తియ్యమని దేముడికి చెప్పి వెళ్ళింది. వాన వచ్చింది. దేముడు ఒంటి మీది చొక్కా తీశాడు, బనీను తీశాడు, లుంగీ దగ్గర కాస్త ఆలోచించి ఆగిపోయాడు. తీగ మీద సుభద్రమ్మ చీరలు ముద్దగా తడిశాయి. ఆవిడ వచ్చి గోల పెడితే వరహాలమ్మ తమ్ముణ్ణి వెనకేసుకొచ్చింది. ఎవరి బట్టలో చెప్పకపోవడం చెప్పినవాళ్ళ తప్పని తేల్చేసింది.

ఇంత తెలివిగలవాళ్ళం అద్దె ఇంట్లో ఉండటమేమిటని ఒకనాడు వాళ్ళకే అనిపించింది. అంతే, వీధి చివర మూడు గదుల స్లాబు ఇల్లు ఇరవై లక్షలకి బేరమాడారు. నాలుగు లక్షలు చేతిలో ఉన్నాయి. మిగతా పదహారు లక్షలు బ్యాంకు ఇచ్చింది. మేనేజరు త్రినాథ్ నిదానస్తుడు. నెలకి పద్నాలుగు వేల నాలుగు వందల చొప్పున ఇరవై ఏళ్ళు కట్టాలని చెప్పాడు. అప్పటిదాకా ఇంటి మీద అప్పు ఉంటుందనీ, కట్టేకొద్దీ దిగుతూ వస్తుందనీ కూడా చెప్పాడు.

ఇంటి మీద అనే మాట నూకరాజుని పట్టుకుంది. రోజూ బస్తాలు తూచే మనిషి, బరువంటే ఏమిటో ఎరిగినవాడు. పదహారు లక్షలు పైకెక్కి కూర్చుంటే స్లాబు ఆగుతుందా? ఇంకేముంది, వెదురు బొంగులు కొనుక్కొచ్చి మూడు గదుల్లోనూ స్లాబుకి ఊతంగా నిలబెట్టేశాడు. మంచం వేసే చోటు లేక వరహాలమ్మ బొంగుల చుట్టూ వంకరతిరిగి పడుకునేది. దేముడు ప్రతినెలా డబ్బు కట్టిన రోజున వీధరుగు మీద కూర్చుని, పైనించి ఏం దిగుతుందో చూసేవాడు. ఒక నెల ఏమీ దిగలేదు. ఇంకో నెల పిల్లి దిగింది, దాని వెనక మూడు పిల్లలు కూడా దిగాయి. ఆ నెల అప్పు బాగా దిగిందని పాయసం వండుకున్నారు.

అలా మూడేళ్ళు గడిచాయి. కాటా దగ్గర వంగీ వంగీ నూకరాజుకి నడుం పట్టేసింది. పొద్దున్నే లేచి, ఒక చెయ్యి నడుం మీదా ఒక చెయ్యి బొంగు మీదా వేసుకుని అతను లేచి నిలబడే తీరు చూడలేకపోయింది వరహాలమ్మ. ఇంకెన్నాళ్ళు ఈ మనిషి వంగాలో కనుక్కుందామని తనే బ్యాంకుకి వెళ్ళింది.

మేనేజరు కంప్యూటర్లో చూశాడు. మూడేళ్ళలో ఐదు లక్షల పద్దెనిమిది వేలు కట్టారు, అందులో నాలుగు లక్షల ఇరవై వేలు వడ్డీకే జమ అయింది.

"మీరు కట్టిందంతా వడ్డీయేనమ్మా. అసలు పెద్దగా కట్టనేలేదు," అన్నాడు.

వరహాలమ్మకి ఒళ్ళు మండింది. అసలు కట్టలేదనడానికి నోరెలా వచ్చిందని అడిగి, సంచీలోంచి ముప్పై ఆరు రసీదులూ తీసి బల్ల మీద పరిచింది. అసలంటే తీసుకున్న సొమ్మని మేనేజరు ఓపిగ్గా చెప్పి, ఒక కాగితం మీద లెక్క వేసి చూపించాడు. నెలకి పద్నాలుగు వేల నాలుగు వందలు. ఇరవై ఏళ్ళకి రెండు వందల నలభై నెలలు. అంతా కలిపితే ముప్పై నాలుగున్నర లక్షలు.

"తీసుకున్నది పదహారు, తిరిగిచ్చేది ముప్పై నాలుగున్నర. అంటే రెండిళ్ళ డబ్బు కట్టి ఒక ఇంట్లో ఉంటారన్నమాట."

వరహాలమ్మ ఆ కాగితాన్ని అటు తిప్పి ఇటు తిప్పి చూసింది.

"మరి రెండో ఇల్లేదండి బాబూ?"

ఆమె వెనక వరసలో పదిమంది నిలబడి ఉన్నారు. మేనేజరుకి విసుగొచ్చింది.

"అది వడ్డీ కింద పోయిందమ్మా," అన్నాడు.

అంతే. వరహాలమ్మ రసీదులు మూటగట్టుకుని ఇంటికి పరుగెత్తింది. మూడేళ్ళుగా తమకి రెండో ఇల్లుంటే ఒక్కడు కూడా చెప్పలేదని దారిపొడుగునా తిట్టుకుంది. ఇంటికెళ్ళి బొంగుల మధ్య సభ పెట్టింది. ఇల్లు వడ్డీ కింద ఉందట సరే, వడ్డీ ఎక్కడుందని దేముడు అడిగాడు. నూకరాజు కళ్ళు మూసుకుని, తూకం వేసినట్టు మాట మీద మాట పేర్చుకుంటూ వచ్చాడు.

"ఇంటి మీద అప్పుంది. అప్పు మీద వడ్డీ ఉంది. వడ్డీ కింద అప్పు, అప్పు కింద ఇల్లు. ఆ ఇల్లు మన కళ్ళెదుటే ఉంది. మరి రెండోది దేని కింద ఉండాలి?"

"దీని కింద," అన్నాడు దేముడు.

మొగుడి తెలివికి వరహాలమ్మకి కళ్ళు చెమర్చాయి.

ఇంట్లో తవ్వితే గచ్చు పాడవుతుంది కనక, తెలివిగా పెరట్లోంచి మొదలుపెట్టారు. నూకరాజుకి నడుం వంగదు కాబట్టి దేముడు గునపం వేశాడు, వరహాలమ్మ తట్టతో మట్టి మోసింది, నూకరాజు గట్టు మీద కుర్చీ వేసుకుని లోతు కొలిచాడు. మూడడుగులు తవ్వేసరికి గునపం ఠంగుమంది. మట్టి ఊడ్చి చూస్తే సిమెంటు పలక.

స్లాబు దొరికింది. ముగ్గురూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. పలకకి ఒక మూల గుండ్రటి మూత ఉంది. దేముడు దాన్ని ఎత్తాడు. ఎత్తి, ముక్కు మూసుకుని రెండడుగులు వెనక్కి వేశాడు. ఇన్నేళ్ళుగా మూసిపెట్టిన ఇల్లు, గాలాడక వాసన కొడుతుందని వరహాలమ్మ ధైర్యం చెప్పింది. దేముడు మూతికి తువ్వాలు కట్టుకుని దూరంనించే తొంగి చూశాడు. లోపలి సంగతులు ఒక్కొక్కటే చెప్పాడు. గది ఒకటే. కిటికీలు లేవు. కాస్త చీకటి. నీళ్ళకి మాత్రం లోటు లేదు.

"నీళ్ళుంటే చాలు, అద్దెకి ఎవరైనా వస్తారు," అంది వరహాలమ్మ.

నెలకి రెండు వేలు అద్దె వచ్చినా నూకరాజు రోజుకి నాలుగు బస్తాలు తక్కువ వంగొచ్చని ఆమె ఆలోచన. ఇంకేముంది, అట్టముక్క మీద బొగ్గుతో రాసి గేటుకి వేలాడదీసింది. ఇల్లు అద్దెకు ఇవ్వబడును, ఒంటిగది, నీళ్ళ వసతి కలదు, దిగి చూసుకోవలెను.

మర్నాడే లెక్కల ట్యూషన్లు చెప్పే కామేశం మాస్టారు వచ్చాడు. ఒంటరివాడు, ఒంటిగది కోసమే నెల రోజులుగా తిరుగుతున్నాడు. వరహాలమ్మ ఆయనకి మర్యాదగా మజ్జిగ ఇచ్చి పెరట్లోకి తీసుకెళ్ళింది. మాస్టారు గోతిలోకి చూశాడు, మూత చూశాడు, మజ్జిగ గ్లాసు నేల మీద పెట్టేశాడు. ఇదేమిటని అడిగితే, ముందు అద్దెకున్నవాళ్ళు శుభ్రం చెయ్యకుండా వెళ్ళినట్టున్నారనీ, సున్నం వేయించి ఇస్తామనీ చెప్పింది.

"ఇందులోకి వాకిలేదమ్మా?" అన్నాడు ఆయన, ఏమనాలో తెలియక.

అంతే. ఆ ప్రశ్న ముగ్గుర్నీ కుదిపేసింది. నిజమే, వాకిలి లేని ఇంటికి అద్దె ఎవరిస్తారు? మాస్టారు గేటు దాటకముందే వాకిలి కోసం తవ్వడం మొదలుపెట్టారు. తూర్పు వైపు తవ్వారు, లేదు. పడమర తవ్వారు, అక్కడా లేదు. వాకిలి పెద్దింటి వైపు ఉంటుందని నూకరాజు చెబితే పునాది పక్కనించి తవ్వారు, పునాది కిందికి తవ్వారు. సాయంత్రానికి వెనక గోడ టప్ మని నెర్రె ఇచ్చింది. స్లాబు దగ్గర మొదలై కిటికీ దాకా, చెయ్యి పట్టేటంత సందు. లోపల ఇద్దరి మాటలు వినపడుతున్నట్టుందని, వాకిలి తీస్తున్నారేమోనని దేముడు ఆ సందుకి చెవి ఆనించాడు. లోపల మాట్లాడుకుంటున్నది, గోడ చూడ్డానికి ఇంట్లోకి వెళ్ళిన నూకరాజూ వరహాలమ్మే.

కామేశం మాస్టారికి కూడా ఆ బ్యాంకులోనే ఖాతా ఉంది. ఆయన తిన్నగా వెళ్ళి, వాళ్ళు ఇలా తవ్వుతూ పోతే మీరు అప్పిచ్చిన ఇల్లు రెండు రోజుల్లో కూలిపోయేట్టుందని చెప్పేశాడు. మర్నాడు మేనేజరు పరుగున వచ్చాడు. మొదట ఆ మూత వేయించాడు. పునాది పక్క మట్టి తిరిగి పూడ్పించాడు. గోడ కూలితే ఇల్లు పోతుంది, ఇల్లు పోయినా అప్పు పోదు, పదిహేడేళ్ళు లేని ఇంటికి కట్టుకుంటూ కూర్చోవాలని గట్టిగానే చెప్పాడు. అప్పుడు వరహాలమ్మ మొహం చిన్నబోయింది. అందరికీ రెండిళ్ళ డబ్బు కట్టి ఒక్కటే ఇస్తారా, లేక తమకే అలా చేశారా అని మెల్లగా అడిగింది.

మేనేజరుకి జాలేసింది. వంటింట్లోంచి ఒక బెల్లం దిమ్మ తెప్పించి, కొట్టి ఆరు ముక్కలు చేసి అరుగు మీద పెట్టాడు.

"ఇది మీరు నెలనెలా తెచ్చిచ్చే సొమ్మనుకోండి. వడ్డీ అంటే చీమలనుకోండి. మొదటి నెలలో ఆరు ముక్కల్లో ఐదింటిని చీమలే తిన్నాయి. ఒక్క ముక్క అప్పుకి చేరింది. అప్పు పెద్దదిగా ఉన్నన్నాళ్ళూ చీమలూ ఎక్కువే. అప్పు చిన్నదయ్యేకొద్దీ చీమలు తగ్గుతాయి."

నూకరాజు ఆ ఒక్క ముక్కనీ అరచేతిలో పెట్టుకుని బరువు చూశాడు. జీవితమంతా బెల్లం తూచినవాడికి తూకం అర్థమైంది. అతనికి ఇప్పుడు నలభై ఐదు. ఇంకా పదిహేడేళ్ళు, అంటే అరవై రెండు దాకా వంగాలి. అందులో సగం దాకా చీమల కోసమే. వరహాలమ్మ అతని నడుం వంక చూసింది. ఆమెకీ అర్థమైంది. ఆ ఇంట్లో ఒక మాట ఉన్నదున్నట్టు అర్థం కావడం అదే మొదటిసారి.

చీమల్ని తగ్గించే దారి లేదా అని అడిగింది. చేతిలో విడిగా డబ్బుంటే అసలుకి జమ చెయ్యొచ్చని మేనేజరు చెప్పాడు. బియ్యం డబ్బాలో రెండు లక్షల చీటీ డబ్బుంది. గాజులు చేయించుకుందామని మూడేళ్ళుగా పాడకుండా ఆగి ఆగి తీసుకున్న చీటీ. వరహాలమ్మ తన ఒట్టి చేతుల్ని ఒకసారి చూసుకుని, డబ్బుందని చెప్పింది. మేనేజరు మొహం విప్పారింది. ఆ రెండు లక్షలతో నాలుగేళ్ళ పైనే గడువు తగ్గుతుందనీ, నూకరాజుకి యాభై ఎనిమిది వచ్చేసరికే అప్పు తీరిపోతుందనీ లెక్క వేసి చెప్పాడు. వెళ్తూ వెళ్తూ గేటు దగ్గర ఆగాడు.

"రేపూ ఎల్లుండీ మాకు సెలవు. సోమవారం బ్యాంకు దగ్గరికొచ్చి, ఆ రెండు లక్షలూ పెట్టి ముందు కట్టండి. పైసా మిగల్చకండి. తక్కినవన్నీ తర్వాత."

ఆయన వెళ్ళగానే ముగ్గురూ కూర్చున్నారు. బ్యాంకు దగ్గరికొచ్చి ముందు కట్టమన్నాడు. అంటే బ్యాంకు ముందు కట్టాలి. ఏం కట్టాలని దేముడు అడిగాడు. వరహాలమ్మకి ఇట్టే తట్టింది. చీమలున్నది బ్యాంకులో, ముందు గోడ కట్టేస్తే అవి బయటికెలా వస్తాయి? ఇంతకాలం రెండో ఇంటి కోసం తవ్వినందుకు ఆమెకి సిగ్గేసింది. ఈసారి పొరపాటు జరగకూడదని గట్టిగా అనుకుంది. సోమవారం దాకా ఆగితే ఆలస్యమని, శనివారం తెల్లారగానే ఇటుకల లారీ, సిమెంటు బస్తాలు, నలుగురు తాపీమేస్త్రీలతో బ్యాంకు దగ్గర దిగింది. కాపలా ఉండే పెద్దాయన బ్యాంకువాళ్ళే పని చేయిస్తున్నారనుకుని, దుమ్ము పడకుండా కుర్చీ అవతలికి జరుపుకున్నాడు.

సోమవారం పొద్దున మేనేజరు వచ్చేసరికి బ్యాంకు కనపడలేదు. ఆ చోట ఒక గోడ ఉంది. ఈ మూలనించి ఆ మూల దాకా, షట్టరు మీది బోర్డు కూడా మునిగేంత ఎత్తున, సందు లేకుండా, చీమ దూరకుండా. పైసా మిగల్చొద్దన్నారు కనక బయటివైపు నల్ల గ్రానైటు అతికించి పాలిష్ కూడా పట్టించారు. పెన్షను కోసం వచ్చిన ముసలివాళ్ళు అందులో మొహాలు చూసుకుంటూ నిలబడ్డారు. నూకరాజు గోడ పక్కన నడుం మీద చేతులేసుకుని, మూడేళ్ళలో మొదటిసారి నిటారుగా నిలబడ్డాడు.

మేనేజరు గోడని తాకి చూశాడు. తడి ఇంకా ఆరలేదు.

వరహాలమ్మ చేతుల సిమెంటు కొంగుకి తుడుచుకుని ముందుకొచ్చింది.

"మొత్తం కట్టేశాం బాబూ. రసీదు రాయండి," అని చెయ్యి చాపింది.