టోపీ తీసుకున్న దొర

ఇదిగో తల్లీ, ఈ నువ్వులుండ చేత్తో పట్టుకో. తిను, పరవాలేదు, తర్వాత నోరు పుక్కిలిద్దువు గాని. ఊఁ కొట్టడం మాత్రం మానకు. నువ్వు ఊఁ కొట్టకపోతే నా కథ అక్కడే చతికిలబడుతుంది. సింహాద్రి అప్పన్నా, నా నోట తప్పు మాట రానీయకు తండ్రీ.

అనగనగా ఒక ఊళ్ళో... మన ఊరు కాదు, అసలు మన సముద్రమే కాదు. భూమికి ఆ చివర కెనడా అని ఒక దేశం. దాని పక్కన చలి సముద్రంలో కొన్ని దీవులు. అక్కడి జనాన్ని హైడా వాళ్ళంటారు. ఒక్క దేవదారు మాను తొలిచి, ఊరంతా ఎక్కేంత పడవ చేసేవాళ్ళు. వాళ్ళలో కాకి వంశం, గద్ద వంశం అని రెండే వంశాలు. కాకి పిల్లకి గద్ద పిల్లాడితోనే పెళ్ళి. పుట్టిన బిడ్డది అమ్మ వంశం. పేరూ, ఇల్లూ, వాగూ అన్నీ అమ్మ వైపు నుంచే. ఏంటా నవ్వు? మీ నాన్నకి చెప్పకు, చిన్నబుచ్చుకుంటాడు.

ఆ ఊళ్ళో కాకి వంశంలో కూయా అని ఒకావిడ ఉండేది. అమ్మమ్మని వాళ్ళు నానీ అంటారు. కూయా నానీ వాళ్ళది ఒక వాగు. ఏటా చలి మొదలయ్యే ముందు సముద్రంలోంచి సాల్మన్ చేపలు అందులోకి ఎదురీదుకుంటూ వచ్చేవి. వాటి ఎర్రటి ఒళ్ళతో వాగంతా కుంకుమ కలిపినట్టు ఎర్రబడేది.

మరి ఆ వాగు వాళ్ళదే అని ఎవరు చెప్పాలి? వాళ్ళకి దస్తావేజులు లేవమ్మా. విందు ఉంది. ఇంటి ముందు వంశం బొమ్మలు చెక్కిన పెద్ద స్తంభం నిలబెట్టినప్పుడో, బిడ్డకి పేరు పెట్టినప్పుడో అవతలి వంశాన్నంతా పిలిచేవాళ్ళు. వాళ్ళ ముందు నిలబడి, ఈ వాగు మాది, మా అమ్మకి వాళ్ళమ్మ ఇచ్చింది, హద్దులు ఇవి, అని చెప్పేవాళ్ళు. ఆ తర్వాత అందరికీ కానుకలు. ఆ కానుక ఊరికే కాదు. తీసుకున్నావంటే విన్నట్టు. రేపెవరైనా అడిగితే, నేను అక్కడున్నాను, నా చెవులతో విన్నాను, అని లేచి చెప్పాల్సిందే.

అప్పుడు ఓడల మీద మశూచి వచ్చింది. ఇంటి వెంట ఇంట్లో పొయ్యి ఆరిపోయింది. కూయా నానీ కూతుళ్ళు ముగ్గురూ పోయారు. పెద్ద కూతురి బిడ్డ అడలీన్ ఒక్కతే మిగిలింది. పాత విందుల్లో కానుకలు తీసుకున్నవాళ్ళు కూడా పోయారు. వాగుంది, చేపలున్నాయి. విన్నవాళ్ళే లేరు.

ఆ తర్వాత దొరలొచ్చారు. అందులో హార్గ్రీవ్ దొర ఇనుప గొలుసు పట్టుకుని నేల కొలిచేవాడు. చెడ్డవాడేం కాదు. అడలీన్‌కి పంచదార ముక్క పెట్టేవాడు. వాళ్ళ భాష కూడా నేర్చుకున్నాడు.

కూయా నానీ ఆలోచించింది. తనవాళ్ళు ఎంతమంది ఉంటారో, ఎంతమంది పోతారో తెలీదు. ఈ దొరనే సాక్షిగా పెట్టుకుంటే? అడవిలోకెళ్ళి, చెట్టుకి దణ్ణం పెట్టుకుని, సన్నటి వేళ్ళు తవ్వుకొచ్చింది. నిప్పుల మీద కాల్చి బెరడు ఒలిచింది. నిలువునా చీల్చి, నీళ్ళలో నానబెట్టి, టోపీ అల్లింది. వానలో నిలబడినా చుక్క కారనంత బిగువుగా అల్లింది. మీద కాకి బొమ్మ వేయించింది.

గద్ద వంశంలో మిగిలినవాళ్ళనీ, దొరనీ విందుకి పిలిచింది. ఆ రోజు లేచి నిలబడి హద్దులు చెప్పింది. "చీలిన బండ దగ్గర మొదలు. జంట దేవదార్ల దాకా. అక్కడి నుంచి ఎలుగుబంట్లు నీళ్ళు తాగే మడుగు దాకా."

అప్పుడు టోపీ దొర చేతిలో పెట్టి, "విన్నావా?" అని అడిగింది.

"విన్నాను" అన్నాడు.

గద్ద వంశపు ముసలాయన సోలమన్ మెల్లగా గొణిగాడు. "అక్కా, ఆయన కళ్ళు నీ టోపీ మీదే ఉన్నాయి. నీ మాట మీద లేవు."

"చెయ్యి చాచి తీసుకున్నాడు కదయ్యా! తీసుకున్నవాడు చెప్పకుండా ఉంటాడా?"

అదీ తల్లీ ఆవిడ చేసిన పొరపాటు. వాళ్ళ దీవుల్లో అట్లా తీసుకుని ఊరుకున్న మనిషిని ఆవిడ పుట్టి బుద్ధెరిగి చూడలేదు మరి.

దొర టోపీతో ఓడెక్కి వెళ్ళిపోయాడు. ఆ తర్వాత సర్కారు వాళ్ళు చట్టం చేశారు. విందులు చేయకూడదు, చేస్తే జైలు. ఇంక కూయా నానీ కొత్త సాక్షుల్ని పిలిచే దారి మూసుకుపోయింది.

ఆ తర్వాత ఏ నేల ఎవరిదో తేల్చడానికి సర్కారు పంపిన పెద్దమనుషులు కొందరు బల్లా కుర్చీలూ వేసుకుని కూర్చుని, కూయా నానీని పిలిచారు.

"కాగితం ఉందా?"

"లేదు."

"కంచె వేశారా?"

"కంచె వేస్తే చేపలెట్లా వస్తాయి?"

"మరి మీదని చెప్పేవాళ్ళెవరు?"

సోలమన్ లేచి "నేను విన్నాను" అన్నాడు. "నువ్వూ వాళ్ళలోవాడివేగా" అని కూర్చోబెట్టారు. అప్పుడు కూయా నానీ నిటారుగా నిలబడింది. "మీలోవాడే ఉన్నాడు. హార్గ్రీవ్ దొర. నా టోపీ తీసుకున్నాడు. అడగండి."

ఉత్తరం రాస్తామన్నారు.

ఒక వేసవి చూసింది. రెండో వేసవి చూసింది. మూడో వేసవి కూడా ఓడ కూత వినపడగానే అడలీన్ చెయ్యి పట్టుకుని ఒడ్డుకి నడిచింది.

"అక్కా, ఈసారీ పిండి మూటలే దిగాయి" అనేవాడు సోలమన్. "నీ టోపీ పెట్టుకుని రావాలంటే సిగ్గేసిందేమో."

"ఊరుకోవయ్యా. దూరం కదా, దారిలో ఉండుంటాడు."

ఆ మాట మీదే ఆవిడ కన్నుమూసింది. ఆ తర్వాత వాగు పక్క అడవిని సర్కారు వాళ్ళు ఎవరో కలప కోసేవాళ్ళకి రాసిచ్చారు. జంట దేవదార్లు కూలిపోయాయి. మానులు ఈడ్చి ఈడ్చి వాగు బురదతో పూడిపోయింది. చేపలు వచ్చి, వాగు మొదట్లో తచ్చాడి, వెనక్కి పోయాయి.

ఊఁ ఏదీ? ఆఁ, అట్లా.

అడలీన్‌కి జుట్టు తెల్లబడింది. అప్పటికి విందుల మీద ఆ చట్టం పోయింది. ఒకరోజు ఓడలోంచి ఒక తెల్లావిడ దిగింది. చేతిలో గుండ్రటి పెట్టె. "నా పేరు ఈడిత్. హార్గ్రీవ్ మా తాత" అంది. పెట్టె తెరిస్తే టోపీ! మీద కాకి బొమ్మ చెక్కుచెదరలేదు.

"మా తాత రోజూ మమ్మల్ని నిద్రపుచ్చుతూ ఈ కథే చెప్పేవాడమ్మా" అంది ఈడిత్. "చీలిన బండ దగ్గర మొదలు. జంట దేవదార్ల దాకా. ఎలుగుబంట్ల మడుగు దాకా."

అడలీన్ టోపీ అంచు చేత్తో తడిమింది. "అంతా గుర్తుందా ఆయనకి?"

"ఒక్క మాట కూడా పోలేదు."

"ఉత్తరం అందలేదా?"

"అందింది. బల్ల సొరుగులో దాచాడు. అవునంటే తోటివాళ్ళు ఏమంటారో అని భయం. కాదనడానికి నోరు రాలేదు. మాకు మాత్రం చెప్పి, టోపీ ఒళ్ళో పెట్టుకుని ఏడ్చేవాడు."

"మా నానీ ఆయన మరిచిపోలేదనే అనేదమ్మా" అంది అడలీన్. "అందులో తప్పు లేదు. చెప్తాడనుకుంది చూడు, అదే తప్పింది."

చూశావా తల్లీ. ఆ మనిషి మరిచిపోయి ఉంటే ఇంత బాధ ఉండేది కాదు. అన్నీ గుర్తుపెట్టుకున్నాడు. అడగని పిల్లలకి వెయ్యిసార్లు చెప్పాడు. అడిగినవాళ్ళకి ఒక్కసారి చెప్పలేకపోయాడు. భగవంతుడు నోరిచ్చింది దేనికమ్మా!

ఆ తర్వాత అడలీన్ విందు చేసింది. తాత చెప్పని మాట ఈడిత్ అందరి ముందూ లేచి చెప్పింది. ముసలివాళ్ళంతా కళ్ళు తుడుచుకున్నారు. ఆ దీవుల నేల ఎప్పట్నుంచో హైడా వాళ్ళదే అని సర్కారు ఒప్పుకోవడానికి మాత్రం ఇంకా చాలా ఏళ్ళు పట్టింది. మొన్నమొన్ననే ఒప్పుకుందిట. అడలీన్ మునిమనవరాళ్ళు వాగులో బురద తోడుతున్నారు. కిందటేడు మూడు చేపలు పైదాకా వచ్చాయి. మూడే. అయినా కూయా నానీకి ఆ కబురు ఎవరు చెప్తారు?

నువ్వులుండ అయిపోయిందా? చేతులు చూపించు. అంతా తినేశావు, ఊఁ కూడా కొట్టావు. అయితే ఇంక నువ్వూ విన్నట్టే. రేపెవరైనా అడిగితే సొరుగులో దాచుకోకు.

కథేమో కంచికి, చేపేమో వాగుకి,
టోపీ తన ఇంటికి, నిద్దర నీ కంటికి,
విన్నమాట మాత్రం, తల్లీ, నీ నోటికి.