తిప్పక్క మూడు దెబ్బలు

అనగా అనగా ఒక కాలం. సిమెంటు మాట ఎవరి చెవినా పడని కాలం. అప్పుడు మిద్దెలన్నీ సున్నంవే. సున్నమూ ఇటుక ముక్కలూ కలిపి పైన పరిచేవాళ్ళు. ఆడోళ్ళు వరసగా కూర్చుని చెక్కలతో కొట్టేవాళ్ళు. అందరి దెబ్బా ఒక్కసారి పడాల. తప్పితే మిద్దె కురుస్తుంది. అందుకే ఒకామె పాడేది. పాటగత్తె గంప బోర్లించుకుని కూర్చుంటుంది. చెక్క ముట్టదు. అది ఆచారం.

ఒక గుంపులో పాటగత్తె సాలమ్మ కాలం చేసింది. ఆ గంప మీద తిప్పక్కను కూర్చోబెట్టారు. తిప్పక్క నీళ్ళు మోసే మనిషి. తలెత్తి మాట్లాడేది కాదు. గొంతు మాత్రం కంచు.

మొదటి రోజు నాటకంలో రాణి మాదిరి పాడింది. రాగం తీసింది, తీసింది, తీస్తానే ఉంది. చెక్కలు గాలిలో నిలబడ్డాయి.

"దించమంటావా అమ్మే, సందేళ దాకా ఎత్తుకోనుండమంటావా?" అనింది గుంపులో అందరికన్నా పెద్దదైన రంగమ్మవ్వ. అందరూ నవ్వారు.

రెండో రోజు చెక్కభజనోళ్ళ మాదిరి పాడింది. ఉరికింది, ఉరికింది, ఉరుకుతానే ఉంది. చెక్కకు చెక్క తగిలి రంగమ్మవ్వ వేలు నలిగింది.

మూడో రోజు అచ్చం సాలమ్మ మాదిరే పాడింది. అదే గొంతు, అదే జీర. అందరికీ ఏడుపొచ్చింది. కళ్ళు తుడుచుకునే చేతుల్లో బలమేముంటుంది?

ఓబులేసు మేస్త్రి నిచ్చెనెక్కి వచ్చి సున్నం గిల్లి చూశాడు.

"రేపు పొద్దు గూకితే ఇది రాయి. ఇంక దెబ్బ వినదు. రేపు మధ్యాన్నానికి కూడా కుదరకుంటే పక్కూరి పాటగత్తెను తెస్తా. తిప్పక్కా, నువ్వు బిందె పట్టుకో."

నాలుగో రోజు రంగమ్మవ్వ వేలికి గుడ్డ కట్టుకుని కింద అరుగు మీదే ఉండిపోయింది. తిప్పక్క గంప దిగి అవ్వ చెక్క అందుకుంది.

"పాటగత్తె చెక్క ముట్టకూడదమ్మే!" అన్నాడు మేస్త్రి.

"అవ్వ చోటు ఖాళీగా ఉంటే మిద్దెకు గుంట పడదా మేస్త్రీ?"

కొట్టింది. దెబ్బతోపాటు ఊపిరంతా పోయింది. పాడటానికి ఏమీ మిగల్లేదు. మొదటి మూడు దెబ్బలూ పాట లేకుండానే పడ్డాయి. చెక్క లేచాక ఊపిరొచ్చింది. అప్పుడు పాడింది. దెబ్బ పడేచోట నోరు మూసింది. దెబ్బకూ దెబ్బకూ నడుమ పాడింది.

"సున్నమా..." ధన్! "సల్లనమ్మా..." ధన్! "వానకంటే ముందు..." ధన్! "గట్టిపడమ్మా..." ధన్!

ఇరవై చెక్కలు, ఒకటే దెబ్బ.

కిందనుంచి రంగమ్మవ్వ అరిచింది. "ఎవరే ఆ పాడేది? ఈ గొంతు నేనెరగనే!"

"మన తిప్పక్కే అవ్వా!"

"మరి ఇన్నాళ్ళూ పాడింది ఎవరే?"

పొద్దు గూకేసరికి మేస్త్రి ఒక దెబ్బ వేసి చూశాడు. చెక్క ఎగిరి వెనక్కొచ్చింది. మిద్దె మీద మూడు రోజులు నీళ్ళు నిలబెట్టారు. చుక్క కారలేదు. ఆపైన నలభై ఏండ్లు తిప్పక్క పాడింది. ఒక్కనాడూ గంప మీద కూర్చోలేదు.

తిప్పక్క పోయింది. సున్నం మిద్దెలూ పోయాయి. మా పక్క ఆడోళ్ళు ఇప్పటికీ కలిసి కారం దంచినా, పసుపు దంచినా, మొదటి మూడు దెబ్బలకు పాట ఎత్తరు.

"ఇవి తిప్పక్కవి" అంటారు.

ఆ తర్వాతే పాట. ఎవరి గొంతుతో వాళ్ళు.